మనిషిని చూసి రాసిన సంగీతం
చిన్న ఆర్కెస్ట్రాలో క్లారినెట్టు సోలో: తెనాలిలో చేసిన స్మారకోపన్యాసం



ఎవరి పేరున ఈ ఉపన్యాసం ఏర్పాటైందో ఆయన్ని మీకు నేను పరిచయం చెయ్యనక్కర్లేదు. తెనాలి, బాపట్ల, రేపల్లె వైపు పెళ్లి ఊరేగింపుల్లోనూ దేవుడి ఉత్సవాల్లోనూ ఆయన క్లారినెట్టు వినని ఇల్లు తక్కువ. ఊరంతా ఆయన్ని మాస్టారనే పిలిచింది, నేనూ అలాగే అంటాను. నిర్వాహకులు నన్ను ఆయన జీవితం గురించి కాక, ఆయన వాద్యం గురించి మాట్లాడమన్నారు. నేను ఎంచుకున్న విషయం ఆధునిక పాశ్చాత్య సంగీతంలో చిన్న ఆర్కెస్ట్రా ముందు నిలబడి ఒంటరిగా పలికే క్లారినెట్టు. దీనికీ తెనాలికీ ఏమిటి సంబంధం అని కొందరికి అనిపించవచ్చు. నా మాట ముందే చెప్పేస్తాను. ఆ సంగీతంలో మేలైనదంతా ఎవరో ఒక వాద్యకారుణ్ణి ఎదురుగా పెట్టుకుని రాసిందే. మన దగ్గర వాద్యకారులు తరతరాలుగా ఉన్నారు. వాళ్లను చూసి రాసినవాళ్లు మాత్రం లేరు. ఈ లోటు తీర్చదగినదని నా నమ్మకం.

చాంబర్ ఆర్కెస్ట్రా అంటే చిన్న హాలుకు సరిపడే వాద్య బృందం. పెద్ద సింఫనీ ఆర్కెస్ట్రాలో వందమంది దాకా కూర్చుంటారు. ఇక్కడ పదిహేనుమంది ఉండొచ్చు, ముప్పై నలభైమంది ఉండొచ్చు. 1906లో ఆర్నాల్డ్ షోన్‌బర్గ్ సరిగ్గా పదిహేను వాద్యాలకు ఒక చాంబర్ సింఫనీ రాశాడు. అందులో మూడు క్లారినెట్లు ఉన్నాయి: ఒకటి చిన్నది, ఒకటి మామూలుది, ఒకటి మంద్రానిది. వందమందిలో ఒక వాద్యం తప్పు పలికినా కలిసిపోతుంది. పదిహేనుమందిలో ప్రతివాడూ సోలో వాయిస్తున్నట్టే, దాక్కోవడానికి చోటుండదు. ఇరవయ్యో శతాబ్దపు రచయితలు చిన్న బృందాన్ని ఇష్టపడడానికి అదొక కారణం. యుద్ధాలు, డబ్బు కరువు ఇంకో కారణం.

ఇక వాద్యం సంగతి. సన్నాయి తెలిసిన ఈ ప్రాంతం వాళ్లకు ఇది చెప్పడం సులువు. సన్నాయి గొట్టం పైన సన్నగా మొదలై కిందికి వెడల్పవుతుంది. ఊపిరి బిగించి ఊదితే షడ్జం పై స్థాయి షడ్జానికి వెళ్తుంది. క్లారినెట్టు గొట్టం చివరి గంటను మినహాయిస్తే ఇంచుమించు ఒకే వెడల్పుతో ఉంటుంది, నోటి దగ్గర ఒక్కటే రెల్లు. అందువల్ల దాని నడక వేరు. వెనక మీట తెరిచి ఊదితే అది పై షడ్జం దగ్గర ఆగకుండా దాన్ని దాటి తారస్థాయి పంచమం మీద వాలుతుంది. ఈ ఒక్క భౌతిక ధర్మంలోనే వాద్యం స్వభావమంతా ఉంది. కింది స్వరాలు నూతిలోంచి వచ్చినట్టు నల్లగా, గుంభనంగా ఉంటాయి. మధ్యవి వెలుగుగా పాడతాయి. పైవి కేక పెడతాయి. ఒకే వాద్యంలో ముగ్గురు మనుషులున్నట్టు వినిపిస్తుంది. ఇంకొక గుణం కూడా ఉంది. నిశ్శబ్దంలోంచి, ఎక్కడ మొదలైందో చెవికి తెలియకుండా స్వరాన్ని తీయగలగడంలో ఊదే వాద్యాల్లో దీనికి సాటి వచ్చేది లేదు.

1700 ప్రాంతంలో జర్మనీలోని న్యూరెంబర్గ్‌లో డెనర్ అనే వాద్యాల తయారీదారు దీన్ని రూపొందించాడు. 1791లో మోజార్ట్ తన స్నేహితుడు ఆంటన్ స్టాడ్లర్ కోసం క్లారినెట్ కంచెర్టో, అంటే ఆర్కెస్ట్రా ముందు ఒక్క వాద్యం ప్రధానంగా పలికే రచన, రాశాడు. అది పూర్తయిన కొద్ది వారాలకే, ఆ డిసెంబరు 5న మోజార్ట్ చనిపోయాడు. సరిగ్గా నూరేళ్లకు, 1891లో, ఇక రాయను అనుకుంటున్న బ్రామ్స్ మైనింగెన్‌లో రిచర్డ్ ముల్‌ఫెల్డ్ వాయించగా విని మళ్లీ కలం పట్టి, ఐదు వాద్యాలకు క్లారినెట్ క్వింటెట్ ఇచ్చాడు. రెండు కథల్లోనూ ముందు వాద్యకారుడు, ఆ తరువాతే రచన. ఆధునికుల విషయంలో ఇది ఇంకా స్పష్టంగా కనిపిస్తుంది.

1924లో న్యూయార్క్‌లో పాల్ వైట్‌మన్ బృందం జార్జ్ గెర్ష్విన్ రాసిన రాప్సడీ ఇన్ బ్లూ ప్రదర్శించింది. దాని మొదట్లో క్లారినెట్టు ఒక స్వరం నుంచి పైకి పాకుతుంది. గెర్ష్విన్ కాగితం మీద రాసింది విడివిడి స్వరాల వరస. సాధనలో రాస్ గార్మన్ అనే క్లారినెట్టు కళాకారుడు సరదాకి ఆ వరసను మధ్యలో తెగకుండా జార్చి వాయించాడు. గెర్ష్విన్ అలాగే ఉంచమన్నాడు. అది మన జారు గమకమే. ఇప్పుడు లోకమంతా ఆ రచనను ఆ జారుతోనే గుర్తుపడుతుంది. మీటలున్న వాద్యం మీద గమకం పలకదనేవాళ్లకు నేను ముందు చెప్పే జవాబు అదే.

రష్యన్ సంగీతకర్త స్ట్రావిన్‌స్కీ సంగతి తెనాలికి మరీ దగ్గర. 1918లో, మొదటి ప్రపంచయుద్ధం చివర, స్విట్జర్లాండ్‌లో చిక్కుకుపోయి చేతిలో డబ్బులేని రోజుల్లో అతను సైనికుడి కథ అనే నాటకానికి సంగీతం రాశాడు. ఊరూరా తిరిగి ఆడగలిగేలా ఏడుగురే వాద్యకారులు, అందులో ఒక క్లారినెట్టు. ఖర్చు పెట్టుకున్నది వెర్నర్ రైన్‌హార్ట్ అనే వ్యాపారి. ఆయన స్వయంగా క్లారినెట్టు వాయించేవాడు. ఆ కృతజ్ఞతతో స్ట్రావిన్‌స్కీ ఇంకే వాద్యం తోడు లేకుండా ఒంటి క్లారినెట్టుకు మూడు చిన్న రచనలు చేసి ఆయనకు అంకితమిచ్చాడు. సంచార నాటక సమాజం, ఖర్చు భరించే ఒక రసికుడు, సరంజామా తక్కువ సంగీతం: ఇవి మనకు తెలియనివా? బాపట్లలో పుట్టిన స్థానం నరసింహారావు గారు స్త్రీ పాత్రలతో ఆంధ్రదేశాన్ని మెప్పించింది తెనాలి శ్రీరామ విలాస సభ వేదిక నుంచే. ఈలపాట రఘురామయ్య గారు ఊపిరితోనే ఒక వాద్యాన్ని సృష్టించుకున్నదీ ఈ నాటకాల వాతావరణంలోనే. ఈ నేల మీద నాటకానికి పోషకులు దొరికారు, పద్యానికి దొరికారు. వాద్య రచనకు దొరకకపోవడానికి రసజ్ఞత లేకపోవడం కారణమని నేననుకోను. ఎవరూ వెళ్లి అడగలేదు.

ఇప్పుడు నాకు అన్నిటికంటే ఇష్టమైన రచన దగ్గరికి వస్తాను. డెన్మార్క్ సంగీతకర్త కార్ల్ నీల్సన్ 1865లో ఒక పల్లెలో పుట్టాడు. తండ్రి ఇళ్లకు రంగులు వేసేవాడు. పెళ్లిళ్లలో, ఊరి వేడుకల్లో ఫిడేలూ కార్నెట్టూ వాయించేవాడు. నీల్సన్ చిన్నప్పుడు తండ్రితో కలిసి ఆ మేళాల్లో వాయించాడు, పద్నాలుగేళ్లకే సైనిక బ్యాండులో చేరాడు. అంటే ఐరోపా గర్వంగా చెప్పుకునే ఈ సింఫనీ రచయిత పెళ్లి బ్యాండు బిడ్డ. బ్యాండు మేళాన్ని సంగీతంలో లెక్కకట్టని మన పెద్దలు ఈ ఒక్క సంగతి మనసులో పెట్టుకోవాలి.

1921లో ఒకరోజు నీల్సన్ ఒక స్నేహితుడికి ఫోన్ చేశాడు. అవతల గదిలో కోపెన్‌హాగెన్ ఊదు వాద్యాల బృందం వాళ్లు మోజార్ట్ సాధన చేస్తున్నారు, అది ఫోన్లోంచి వినబడింది. ఆ బృందంలోని ఐదుగురి మీద మనసుపడి మరుసటేడు వాళ్లకోసం ఒక క్వింటెట్ రాశాడు. ఆ తర్వాత ఒక్కొక్కరికీ ఒక కంచెర్టో రాస్తాననుకున్నాడు. 1926లో ఫ్లూట్‌కు, 1928లో క్లారినెట్టుకు రాశాడు. మిగిలిన ముగ్గురివీ రాయకుండానే 1931లో కన్నుమూశాడు.

ఆ క్లారినెట్టు కళాకారుడి పేరు ఓగె ఓక్సెన్‌వాడ్. కోపిష్టి, మొండి, లోపల మెత్తన అని ఆయన్ని ఎరిగినవాళ్లు చెప్పేవాళ్లు. నీల్సన్ ఆ మనిషి స్వభావాన్నే సంగీతంగా రాశాడు. తీగ వాద్యాలు కాక బృందంలో రెండు బసూన్లు, రెండు హార్న్‌లు, ఒక సైడు డ్రమ్ము. అంతే. తాళానికి ఇంకేమీ లేదు. ఆ సైడు డ్రమ్ము తాళం వేసి ఊరుకోదు. క్లారినెట్టును రెచ్చగొడుతుంది, మాట మధ్యలో అడ్డుపడుతుంది, వెంటాడుతుంది. క్లారినెట్టు అరుస్తుంది, తిరగబడుతుంది, ఉన్నట్టుండి ఎవరికీ చెప్పుకోని దుఃఖంలోకి దిగిపోతుంది. ఒకే భాగంగా ఆగకుండా సుమారు ఇరవై అయిదు నిమిషాలు నడిచే ఈ పోరు చివరికి సద్దుమణిగి ముగుస్తుంది.

ఒక్కసారి కళ్లు మూసుకుని ఆలోచించండి. క్లారినెట్టు, దాని పక్కన సైడు డ్రమ్ము. ఇది మన బ్యాండు మేళం కాదూ? తెనాలి వీధుల్లో వందల ఊరేగింపుల్లో ఈ రెండూ పక్కపక్కన నడిచాయి. మాస్టారు కూడలి దగ్గర ఊరేగింపు ఆగినప్పుడు, మిగతా వాద్యాలను చేత్తో ఆపి, డ్రమ్ము కుర్రాణ్ణి మాత్రం ఉంచుకుని, విస్తారంగా వాయించేవారు. కుర్రాడు ఒక దెబ్బ మార్చి వేస్తే ఆయన వెంటనే స్వరం తిప్పి జవాబిచ్చేవారు. చుట్టూ మూగినవాళ్లు అది పెళ్లి సరదా అనుకున్నారు. నీల్సన్ కచేరీ హాల్లో నిలబెట్టిన నాటకం అదే. తేడా ఒక్కటే. అక్కడ ఒకరు కాగితం మీద పెట్టారు, ఇక్కడ పెట్టలేదు. మాస్టారి వాయింపు ఆయనతోపాటే వెళ్లిపోయింది. ఇది నాకు నిజంగా బాధ కలిగించే విషయం.

ఇప్పుడు చెప్పబోయే ఫ్రెంచి సంగీతకర్త ఆలివియె మెసియాన్ రచన ఆర్కెస్ట్రాకు రాసింది కాదు, నలుగురికి రాసింది. అయినా క్లారినెట్టు సోలో గురించి మాట్లాడుతూ దాన్ని దాటి పోలేం. రెండో ప్రపంచయుద్ధంలో మెసియాన్ ఫ్రెంచి సైన్యంలో ఉండి జర్మన్లకు పట్టుబడ్డాడు. తోటి ఖైదీల్లో అల్జీరియాలో పుట్టిన యూదుడు ఆన్రి అకోకా ఉన్నాడు, అతని దగ్గర క్లారినెట్టు ఉంది. మెసియాన్ అతనికోసం ఒంటరి క్లారినెట్టు రచన ఒకటి చేశాడు. అకోకా దాన్ని మొదటిసారి చూసి వాయించింది ఆరుబయట పొలంలో. ఎటియెన్ పాస్కియె అనే చెల్లో కళాకారుడు కాగితం పట్టుకుని స్టాండులా నిలబడ్డాడట. ఇది చాలా కష్టం, నావల్ల కాదని అకోకా మొరపెట్టుకున్నాడు, అవుతుందని మెసియాన్ అన్నాడు. తరువాత గోర్లిట్స్ దగ్గరి స్టాలాగ్ 8-ఎ శిబిరంలో అది కాలాంతానికి క్వార్టెట్ అనే ఎనిమిది భాగాల రచనలో మూడో భాగమైంది. 1941 జనవరి 15న, గడ్డకట్టే చలిలో, తోటి ఖైదీల ముందు వాయించారు. ఆ మూడో భాగం పేరు పక్షుల అగాధం. అందులో ఒక్క స్వరం వినీ వినిపించనంత సన్నగా మొదలై, ఊపిరి చివరిదాకా పెరిగి, గది నిండిపోతుంది. క్లారినెట్టు మాత్రమే చెయ్యగల పని అది. అకోకా అదే ఏడాది రైల్లోంచి దూకి తప్పించుకున్నాడు, చంకలో క్లారినెట్టుతో.

ఆ రచన మొదటి భాగంలో పియానో లయ ఎక్కడిదో తెలుసా? శార్ఙ్గదేవుడి సంగీత రత్నాకరంలోని దేశీ తాళాలు. రాగవర్ధన, చంద్రకళ, లక్ష్మీశ అనే మూడింటిని మెసియాన్ కలిపి వాడుకున్నాడు. ఒక ఫ్రెంచి సంగీత విజ్ఞాన సర్వస్వంలో ఆ నూట ఇరవై తాళాల పట్టిక అతని కంటపడింది, ఆ తర్వాత జీవితాంతం వదల్లేదు. సంగీత రత్నాకరానికి సంగీత సుధాకరమనే వ్యాఖ్య రాసిన సింహభూపాలుడు మన రాచకొండ సింగభూపాలుడేనని పండితుల మాట. ఆ వ్యాఖ్య కంటే ముందే, గణపతిదేవ చక్రవర్తి గజసేనాని జాయప నృత్త రత్నావళి రాశాడు. ఆయన గుళ్లు కట్టించి శాసనం వేయించిన చేబ్రోలు ఇక్కడికి కూతవేటు దూరం. ఆయన వాద్య రత్నావళి కూడా రాశాడంటారు, మనకు దక్కలేదు. వాద్యాల మీద శాస్త్రం రాయడం ఈ నేలకు కొత్త కాదని గుర్తుచేయడానికే ఇదంతా. మన తాళాలు జర్మన్ ఖైదులో ఒక క్లారినెట్టు పక్కన మోగాయి. మన ఊళ్లో మోగడానికి అభ్యంతరమేమిటి?

అమెరికా సంగీతకర్త కోప్లాండ్ గురించి క్లుప్తంగా చెబుతాను. జాజ్ రాజు బెనీ గుడ్‌మన్ సొమ్మిచ్చి అడిగితే తీగ వాద్యాలు, హార్ప్, పియానోలతో కంచెర్టో రాశాడు. 1950 నవంబరు 6న రేడియోలో మొదటిసారి వినిపించింది. గుడ్‌మన్ మరీ పైస్వరాలు తగ్గించమంటే కోప్లాండ్ తగ్గించాడు. గొప్ప రచయిత అలా సర్దుకున్నాడంటే చిన్నతనంగా చూడకండి, వాద్యకారుడి ఊపిరిని గౌరవించడమే అది. 1996లో ఇంకో అమెరికా సంగీతకర్త జాన్ ఆడమ్స్ మైకేల్ కాలిన్స్ అనే క్లారినెట్టు కళాకారుడి కోసం చిన్న బృందంతో నార్లీ బటన్స్ రాశాడు. ఆడమ్స్‌కు క్లారినెట్టు నేర్పింది తండ్రే. ఆ తండ్రి చివరి దశలో జ్ఞాపకశక్తి పోయే వ్యాధితో బాధపడ్డాడు. ఆ బృందంలో బాంజో, మాండొలిన్ ఉన్నాయి, అంటే అమెరికా పల్లెల వాద్యాలు. ఇంటి విద్యనూ ఊరి వాద్యాలనూ కచేరీ రచనలోకి తెచ్చుకోవడానికి అతను సంకోచించలేదు.

మన దేశానికి వద్దాం. తంజావూరు మరాఠా రాజుల కాలంలో, తెలుగు ఆస్థాన భాషగా వెలిగిన చోట, పాశ్చాత్య బ్యాండు ఉండేది. 19వ శతాబ్దంలో మహాదేవ నట్టువనార్ క్లారినెట్టును నాట్య మేళంలోకి తెచ్చారని చెబుతారు. వయొలిన్ లాగే ఇదీ పరాయి వాద్యం. వయొలిన్ కచేరీ వేదిక ఎక్కింది, క్లారినెట్టు ఎక్కువగా వీధిలో ఉండిపోయింది. తిరుచిరాపల్లి ఎ.కె.సి. నటరాజన్ గారు దాన్ని వేదిక మధ్యకు తెచ్చారు. క్లారినెట్ ఎవరెస్ట్ అని పేరు పొందారు, 2022లో పద్మశ్రీ అందుకున్నారు. పెదవుల పట్టుతో, రంధ్రాలను వేళ్లతో సగం మూసి తెరవడంతో ఆయన పలికించిన తోడి విన్నవాళ్లు ఈ వాద్యానికి గమకం రాదని ఇక అనలేరు.

మన వైపు ఊదు వాద్యాల విద్య ఏమంత తక్కువది? చిలకలూరిపేట ఆదం సాహెబు దగ్గర నేర్చుకుని, ఒంగోలు దగ్గరి కరవది నుంచి శ్రీరంగం వెళ్లి, కావేరీ తీరంలో నాదస్వర చక్రవర్తి అనిపించుకున్న షేక్ చినమౌలానా గారు 1998లో సంగీత కళానిధి అయ్యారు. బాపట్ల పేరు చెబితే దాలిపర్తి పిచ్చిహరి గారి నాదస్వరం గుర్తుకొచ్చేవాళ్లు ఈ సభలో ఉన్నారు. సన్నాయి నేర్చిన ఇళ్లలోంచే మన క్లారినెట్టు వాళ్లు చాలామంది వచ్చారు. వాళ్ల ఊపిరి సన్నాయి ఊపిరి. ఐరోపాలో శిక్షణ పొందిన వాద్యకారుడికి లేని సంపద అది.

మన వాద్యాలకు బృంద రచన కొత్త కూడా కాదు. ద్రాక్షారామంలో పుట్టిన వైణికులు ఈమని శంకరశాస్త్రి గారు ఢిల్లీ ఆకాశవాణి వాద్యబృందానికి రచనలు చేసి నడిపించారు. ఆయన రచన ఆదర్శ శిఖరారోహణం చూపించిన దారి ఇప్పటికీ ఉంది, నడిచేవాళ్లే తగ్గారు.

స్టాఫ్ నొటేషన్, అంటే పాశ్చాత్య స్వరలిపి, రాని మన బ్యాండు వాళ్లు ఇలాంటి రచన ఎలా వాయిస్తారని అడుగుతారు. మాస్టారు సినిమా పాటను రెండుసార్లు వింటే మూడోసారి వాయించేవారు, నిజమే, కానీ పొడుగైన రచనకు కాగితం కావాలి. ఆ కాగితం తెలుగులోనే ఉండొచ్చు. 1904లో సుబ్బరామ దీక్షితులు ఎట్టయపురంలో అచ్చువేయించిన సంగీత సంప్రదాయ ప్రదర్శిని తెలుగు లిపిలోనే ఉంది. జారు, స్ఫురితం, ప్రత్యాహతం లాంటి గమకాలన్నిటికీ అందులో గుర్తులు పెట్టారు. క్లారినెట్టు జారునూ కంపించే ఊపిరినీ ఆ గుర్తులతో రాసుకోవచ్చు. డ్రమ్ముకు సొల్లుకట్టు, అంటే దెబ్బలను పలికే అక్షరాలు, రాసుకోవచ్చు. వయొలిన్ వాళ్లకు ఆ పద్ధతి ఎలాగూ వచ్చు. మనకు లేనిది లిపి కాదు, పూనుకునే మనిషి.

కాలం మాత్రం ఎక్కువ లేదు. ఊరేగింపుల ముందుకు డీజే పెట్టెలు వచ్చాక బ్యాండు వాళ్లకు పని తగ్గింది. వాళ్ల పిల్లలు వేరే పనుల్లోకి వెళ్తున్నారు. అరవై దాటిన క్లారినెట్టు కళాకారులు తెనాలి, బాపట్ల, రేపల్లెల్లో ఇంకా ఉన్నారు, ఊపిరి ఉంది. ఓక్సెన్‌వాడ్ ఉండగానే నీల్సన్ రాశాడు. ముల్‌ఫెల్డ్ ఉండగానే బ్రామ్స్ రాశాడు.

అందుకని ఈ సభలోని పెద్దలను ఒకటి కోరుతున్నాను. ప్రతి ఏడాదీ మీరు నాటక పోటీలకు, పద్య పోటీలకు బహుమతులిస్తారు. వచ్చే ఏడాది మాస్టారి పేరున ఒక్క రచన రాయించండి. పది నిమిషాలు చాలు. ఒక క్లారినెట్టు, ఒక సైడు డ్రమ్ము, నాలుగు వయొలిన్లు, ఒక వీణ. రాసే యువకుడో యువతో ముందుగా నెల రోజులు మన బ్యాండు వాళ్లతో కూర్చోవాలనే షరతు ఒక్కటి పెట్టండి. వాళ్ల ఊపిరి ఎంతో, వాళ్ల కోపం ఎలాంటిదో, ఏ స్వరం దగ్గర వాళ్లు కళ్లు మూస్తారో చూసి రాయాలి. మొదటి ప్రదర్శన తెనాలిలోనే జరగాలి, దాన్ని రికార్డు చేయాలి, స్వరలిపిని అచ్చువేయాలి. రాసేవాళ్లు ముందుకు వస్తే, వాళ్లను వెంటబెట్టుకుని వాయించేవాళ్ల ఇళ్లకు తీసుకెళ్లే బాధ్యత నేను తీసుకుంటాను. సభ అయిపోయాక నన్ను కలవండి.